కొండను ముందు చదవాలి, యుద్ధాన్ని తరువాత: హైఫా కార్మెల్ గట్టును ఇసుకలో దిద్దే పద్ధతి

ఏటా సెప్టెంబరు 23న భారత సైన్యం హైఫా దినాన్ని జరుపుకుంటుంది. మొదటి ప్రపంచయుద్ధంలో, 1918లో అదే తేదీన, ఇప్పటి ఇజ్రాయెల్‌లో మధ్యధరా సముద్రతీరాన ఉన్న హైఫా రేవుపట్టణాన్ని బ్రిటిషువారి పక్షాన పోరాడుతూ ఒట్టోమన్ తుర్కీల చేతి నుంచి జోధ్‌పూర్, మైసూరు సంస్థానాల బల్లెపు రౌతులు స్వాధీనం చేసుకున్నారు. ఢిల్లీలోని తీన్ మూర్తి కూడలిలో నిలబడి ఉన్న మూడు కంచు విగ్రహాలు జోధ్‌పూర్, మైసూరు, హైదరాబాదు సంస్థానాల అశ్వదళాలకు గుర్తులు. 2018 జనవరిలో ఆ కూడలికి తీన్ మూర్తి హైఫా చౌక్ అని పేరు పెట్టారు. ఇంతవరకు చాలామందికి తెలుసు. హైఫా వీపున ఆనుకుని ఉన్న కార్మెల్ అనే కొండ గట్టు సంగతి మాత్రం చాలా తక్కువమందికి తెలుసు. ఆ గట్టును అర్థం చేసుకోకుండా ఆ రోజు జరిగిన పోరాటాన్ని అర్థం చేసుకోవడం సాధ్యం కాదని నేను గట్టిగా నమ్ముతున్నాను.

నేను ఉదయగిరి ప్రాంతంలో సాంఘికశాస్త్రం బోధించే ఉపాధ్యాయుణ్ణి. తేదీలు, సేనానుల పేర్లు వల్లెవేసిన పిల్లలు పరీక్షలో మార్కులు తెచ్చుకునేవారు కానీ, ఫిరంగులకు ఎదురుగా గుర్రాలను ఎందుకు పరుగెత్తించవలసి వచ్చింది, పక్కగా చుట్టి రావచ్చు కదా అని అడిగితే మౌనంగా ఉండిపోయేవారు. ఆ ప్రశ్నకు సమాధానం పుస్తకంలోని వాక్యాలలో కన్నా నేల ఆకారంలోనే ఎక్కువగా ఉంది. అందుకని ముందు కొండను, తరువాత దారిని, ఆ తరువాతే మనుషులను పరిచయం చేసే పద్ధతిని కొన్నేళ్లుగా పాటిస్తున్నాను. ఇంట్లో పిల్లలతో గానీ, బడిలో తరగతితో గానీ, చరిత్ర మీద ఇష్టం ఉన్న పెద్దలు తమంతట తాము గానీ చేసుకోగలిగేలా ఆ పద్ధతిని ఇక్కడ వివరిస్తున్నాను.

మొదట మన కొండ ఎక్కాలి

ఎక్కడో పశ్చిమాసియాలో ఉన్న గట్టును ఊహించుకోవడానికి ముందు, కాళ్లకు అందే కొండను ఒకటి ఎక్కి చూడాలి. నెల్లూరు జిల్లాలో ఉన్నవారికి ఉదయగిరి దుర్గాన్ని మించిన పాఠశాల లేదు. సముద్రమట్టానికి 3,079 అడుగుల ఎత్తున్న ఆ కొండకు కొన్ని వైపుల నిలువుగా తెగిన రాతిగోడలే ప్రాకారాలు. పైకి పోయే ప్రతి కాలిబాటనూ పై నుంచి కాపు కాసేలా గోడలు, బురుజులు కట్టారు. గజపతుల ఏలుబడిలో ఉన్న ఈ దుర్గాన్ని శ్రీకృష్ణదేవరాయలు 1513లో ముట్టడించాడు. అది లొంగేసరికి దాదాపు ఏడాదిన్నర పట్టింది. ఇక్కడి నుంచి తీసుకువెళ్లిన బాలకృష్ణుని విగ్రహం కోసమే హంపీలో కృష్ణాలయాన్ని కట్టించి 1515లో ప్రతిష్ఠ చేయించాడు. దక్షిణాదిలో అంత బలమున్న రాజును ఏడాదిన్నర పాటు కింద నిలబెట్టినది ఏమిటని పిల్లలను అడిగితే కోటలోని సైనికులని అంటారు. కొండ ఎక్కి దిగిన తరువాత అదే ప్రశ్న అడిగితే కొండ అని అంటారు.

ఎక్కేటప్పుడు చేతిలో చిన్న పుస్తకం, గడియారం ఉండాలి. నాలుగు సంగతులు రాసుకుంటే చాలు. మొదలుపెట్టిన సమయం, పైకి చేరిన సమయం మొదటిది. ఏయే మలుపులో ఊరు కనిపించింది, ఏ మలుపులో కనుమరుగైంది అన్నది రెండవది. పైన తాగడానికి నీరు ఎక్కడుంది అన్నది మూడవది. నాలుగవది అన్నిటికంటే ముఖ్యమైనది: అంచున నిలబడి కిందికి చూసినప్పుడు, దూరంగా ఉన్న చెరువూ రోడ్డూ స్పష్టంగా కనిపిస్తూ, సరిగ్గా పాదాల కింద ఉన్న వాలు మాత్రం కనిపించని చోటు ఏది అన్నది. ఎత్తున ఉన్నవాడికి అంతా కనిపిస్తుందని అనుకుంటాం. నిజానికి ఎత్తున ఉన్నవాడికి దూరం కనిపిస్తుంది, దగ్గర కనిపించదు. ఉబ్బెత్తుగా ఉన్న వాలు తన మొదలును తానే దాచుకుంటుంది. ఆ కనిపించని జాగాను నేను పిల్లలకు చాటు అని చెబుతాను. హైఫా దగ్గరకు వచ్చినప్పుడు ఈ మాట మళ్లీ అవసరమవుతుంది.

నెల్లూరు పట్టణంలో ఉన్నవారు నరసింహకొండ ఎక్కి పెన్నానదిని చూస్తూ ఇదే పని చేయవచ్చు. ఒంగోలువారికి ఊరి నడుమనే కొండ ఉంది, కనిగిరివారికి కొండకోటే ఉంది. ఎండ ముదరక ముందే ఎక్కి దిగేలా చూసుకోవాలి. పిల్లలు ఉంటే నీళ్లు, తోడుగా మరొక పెద్దమనిషి తప్పనిసరి.

పటం మీద చూడవలసినవి

కొండ మీది అనుభవం మరచిపోక ముందే పటం ముందు కూర్చోవాలి. కంప్యూటరులో గూగుల్ ఎర్త్ తెరిచి హైఫా అని వెదికితే సముద్రంలోకి ముక్కులా పొడుచుకు వచ్చిన ఒక కొస కనిపిస్తుంది. ఆ కొస నుంచి ఆగ్నేయంగా, నేల లోపలికి దాదాపు 39 కిలోమీటర్ల పొడవున సాగిన కొండవరసే కార్మెల్. దాని ఎత్తైన భాగాలు 500 మీటర్లు దాటుతాయి. పట్టణం పైనున్న కొసలో ఎత్తు 300 మీటర్ల లోపు. మన ఉదయగిరితో పోలిస్తే ఇది పొట్టి కొండ. అయితే యుద్ధంలో కొండ విలువను ఎత్తు ఒక్కటే నిర్ణయించదు, అది దేని మీదికి చూస్తున్నదో కూడా నిర్ణయిస్తుంది. విశాఖపట్నంలో డాల్ఫిన్స్ నోస్ కొండను చూసినవారికి ఈ మాట వెంటనే అర్థమవుతుంది. లోపలి రేవులోకి వచ్చే ప్రతి ఓడా ఆ కొండ పాదాన్ని ఒరుసుకున్నట్టుగా సాగవలసిందే.

గట్టు దొరికిన తరువాత దాని ఈశాన్యపు పాదం వెంట కళ్లు నడపాలి. అక్కడ కిషోన్ అనే చిన్న నది కొండకు దాదాపు సమాంతరంగా పారి హైఫా అఖాతంలో కలుస్తుంది. ఇప్పుడు అదంతా కర్మాగారాలు, రోడ్లతో నిండిపోయింది కానీ 1918లో దాని ఒడ్లు బురదనేల, కొన్నిచోట్ల ఊబి. కొండకూ ఆ బురదకూ మధ్య మిగిలిన సన్నని నేల మీదుగానే తూర్పు నుంచి హైఫాకు దారి. సిరియాలోని దెరా నుంచి వచ్చే హిజాజ్ రైలుమార్గపు (డమాస్కస్ నుంచి మదీనాకు వేసినది) శాఖ 1905 నుంచి ఆ దిక్కునుంచే పట్టణంలోకి ప్రవేశిస్తున్నది. ఒక పక్క కొండ, ఒక పక్క ఊబి, మధ్యలో దారి, ఆ దారి చివర పట్టణం, పట్టణం ముందు రేవు. ఈ ఐదింటినీ ఒక కాగితం మీద పెన్సిలుతో గీయగలిగితే సగం పని అయినట్టే.

గూగుల్ ఎర్త్‌లో దారి గీసి దాని ఎత్తుపల్లాల రేఖను చూసే సదుపాయం ఉంది. కొండ పైనుంచి కిషోన్ దాకా అడ్డంగా ఒక గీత గీసి ఆ రేఖను కాగితంపై దించుకోండి. కొండకు పొడవునా వేర్వేరు చోట్ల ఇలాంటి గీతలు ఐదారు ఉంటే చాలు. బడిలో నేర్పే కాంటూరు రేఖలకు ఇంతకంటే మంచి ప్రయోగం నాకు దొరకలేదు. ఇప్పటి పటంలోని రేవు కట్టడం బ్రిటిషువారు నిర్మించి 1933లో ప్రారంభించినదని గుర్తుపెట్టుకోవాలి. 1918 నాటి నమూనాలో దాన్ని చూపితే తప్పు.

ఇసుకలో గట్టును నిలబెట్టడం

వరండాలో గానీ చెట్టు నీడలో గానీ ఒకటింబావు మీటరు పొడవు, ఒక మీటరు వెడల్పు వచ్చేలా ఇటుకలతో చట్టం పేర్చి, అడుగున పాత ప్లాస్టిక్ పట్టా పరవాలి. కొలబద్ద ఒక సెంటీమీటరుకు 100 మీటర్లు. అంటే నమూనాలో ఒక మీటరు నేల మీద 10 కిలోమీటర్లు. ఈ లెక్కన 300 మీటర్ల కొండ 3 సెంటీమీటర్లే వస్తుంది కనుక కంటికి ఆనదు. అందుకని ఎత్తులను మాత్రం రెట్టింపు చేసి 6 సెంటీమీటర్లుగా పెట్టుకుంటాం. ఎత్తులన్నీ ఒకే పాళ్లలో పెంచినప్పుడు ఎక్కడినుంచి ఏది కనిపిస్తుంది అన్న లెక్క మారదు. తిన్నని చూపురేఖ తిన్నగానే ఉంటుంది. ఒక్కచోట పెంచి మరొకచోట పెంచకపోతే మాత్రం నమూనా అబద్ధం చెబుతుంది.

ఇసుక విషయంలో నేను మొదటిసారి పొరపాటు చేశాను. మైపాడు సముద్రతీరం నుంచి తెచ్చిన సన్నని ఇసుకతో గట్టు కట్టాను. మధ్యాహ్నానికి తడి ఆరిపోయి కొండ అంచులన్నీ జారి, మరునాటికి గట్టు స్థానంలో దిబ్బ మిగిలింది. నదీగర్భపు ముతక ఇసుక మూడు పాళ్లు, చెరువు బంకమట్టి ఒక పాలు కలిపి, పిడికిట్లో నొక్కితే ముద్దగా నిలిచేంత తడి చేసి వాడాలి. కొండ లోపల పెంకు ముక్కలు పేర్చి పైన మట్టి మెత్తితే బరువు తగ్గుతుంది, పగుళ్లు రావు. ముందుగా గీసుకున్న ఎత్తుపల్లాల రేఖలను అట్టముక్క మీద కత్తిరించి, ఆ అట్టను గట్టుకు అడ్డంగా ఆనించి, వాలు సరిపోయేదాకా తాపీతో దిద్దాలి. ఈ పనికి తొందరపడకూడదు. కొండ వాలులోని ఉబ్బు, పల్లం సరిగ్గా రాకపోతే తరువాత చేయబోయే పరీక్ష వృథా అవుతుంది.

సముద్రానికి నీలిరంగు ముగ్గు చల్లాలి. కిషోన్‌కు నీలిదారం పరచి, దాని రెండు ఒడ్డులకూ వేలెడు వెడల్పున పలచని బంకమట్టి పూయాలి. అది ఊబి. తెల్లముగ్గుతో దారి, నల్లదారంతో రైలుమార్గం. ఏకర్ పట్టణం వైపు కిషోన్‌ను దాటి ఉత్తరంగా పోయే శాఖను కూడా చూపాలి. ఇళ్లకు చింతగింజలు, ఫిరంగులకూ మెషిన్ గన్లకూ అగ్గిపుల్లలు. రౌతులకు మా పిల్లలు పప్పుదినుసులు ఎంచుకున్నారు: జోధ్‌పూర్ వారికి కందులు, మైసూరు వారికి శనగలు. ఎవరు ఎక్కడున్నారో రాసుకోవలసిన అవసరం లేకుండా చూడగానే తెలిసిపోతుంది.

ఆ రోజును గంటల వారీగా నడపడం

నమూనా సిద్ధమైన తరువాతే కథ మొదలుపెట్టాలి. బ్రిటిషు సేనాధిపతి జనరల్ అలెన్‌బీ సేనలు 1918 సెప్టెంబరు 19న మెగిడ్డో పోరాటాన్ని ప్రారంభించి తుర్కీల వరుసను తెంచాయి. వెంటనే అశ్వదళాలు తెగిన సందులోంచి ఉత్తరానికి దూసుకుపోయాయి. అంత దూరం పోయిన సైన్యానికి తిండి, మందుగుండు, గుర్రాలకు దాణా దక్షిణాన ఉన్న రేవుల నుంచి బండ్ల మీద మోసుకురావడం కష్టం. డమాస్కస్ దాకా పోవాలంటే ముందుండే రేవు కావాలి, అది హైఫా. రేవు ఎందుకు కావలసి వచ్చిందో చెప్పకుండా దాడిని వర్ణించడం, పంట సంగతి చెప్పకుండా కుప్పనూర్పు గురించి చెప్పడం లాంటిది.

22వ తేదీన తుర్కీలు పట్టణాన్ని ఖాళీ చేస్తున్నారన్న సమాచారం మీద కొన్ని కవచపు మోటారుబండ్లు ముందుకు వెళ్లాయి. కొండ మీది ఫిరంగులూ కింది తుపాకులూ వాటిని వెనక్కి తిప్పాయి. నమూనాలో తెల్లముగ్గు దారి మీద ఒక అగ్గిపెట్టెను నడిపి చూడండి. దారి ఒక్కటే, పక్కకు తప్పుకునే చోటు లేదు. చక్రాలమీద నడిచేవాటికి ఆ సందు పనికిరాదని అక్కడే తేలిపోతుంది.

23న తెల్లవారుజామున 5 గంటల ప్రాంతంలో బ్రిగేడియర్ జనరల్ హార్బర్డ్ నాయకత్వంలోని 15వ ఇంపీరియల్ సర్వీస్ అశ్వదళ బ్రిగేడు అఫూలా నుంచి బయలుదేరింది. ఇందులోనివారు సంస్థానాల సొంత దళాల నుంచి వచ్చిన భారతీయ రౌతులు. ఉదయం 10 గంటల ప్రాంతంలో కొండ పాదాన ఉన్న బలద్ అష్షేక్ అనే ఊరికి చేరగానే కార్మెల్ మీదినుంచి ఫిరంగిగుండ్లు పడ్డాయి. ఇక్కడ కందులనూ శనగలనూ ఆపేసి పిల్లలను అడగాలి: నువ్వే సేనాని అయితే ఏం చేస్తావు? మా తరగతిలో దాదాపు అందరూ దారి వెంట వేగంగా పరుగెత్తిస్తామన్నారు. వెనుక బల్లలో కూర్చునే ఒక పిల్లవాడు, ఉదయగిరి కొండ మీద మేకలు కాసిన అనుభవం ఉన్నవాడు, చాలాసేపు నమూనాను చూసి, “సార్, ముందు పైనున్నవాణ్ణి దించాలి. వాడు పైన ఉండగా కింద ఎంత పరుగెత్తినా లాభం లేదు” అన్నాడు.

సరిగ్గా ఆ పనే జరిగింది. మైసూరు లాన్సర్లలో, అంటే బల్లెపు రౌతులలో, ఒక స్క్వాడ్రన్‌ను (చిన్న రౌతుదళాన్ని), రెండు మెషిన్ గన్లతో సహా, బలద్ అష్షేక్ దగ్గరి బాట మీదుగా కొండ పైకి పంపారు. తరువాత వారికి తోడుగా షెర్వుడ్ రేంజర్స్ అనే బ్రిటిషు దళం నుంచి ఒక స్క్వాడ్రన్ వెళ్లింది. శనగలను ఇక్కడ గట్టు మీదికి ఎక్కించి, వెన్ను వెంట పట్టణం వైపు మెల్లగా జరపాలి. మెల్లగా అని ఎందుకంటున్నానంటే, ఉదయగిరి ఎక్కినప్పుడు మీరు రాసుకున్న సమయాన్ని ఇక్కడ వాడాలి. రాళ్లబాట మీద గుర్రాన్ని నడిపించుకుంటూ, మెషిన్ గన్ మోసుకుంటూ ఎక్కడం ఎంత పనో కాళ్లకు గుర్తు ఉంటే, కింద మిగతావారు మధ్యాహ్నం దాకా ఎందుకు ఆగారో వేరుగా చెప్పవలసిన అవసరం ఉండదు.

మధ్యాహ్నం 2 గంటల ప్రాంతంలో పైన మైసూరువారు కొండ మీది ఫిరంగుల పైకి దూకి వాటిని పట్టుకున్నారు. అదే వేళకు కింద జోధ్‌పూర్ లాన్సర్లు కదిలారు. వారికి వెనుక నుంచి బి బ్యాటరీ అనే బ్రిటిషు ఫిరంగిదళపు ఫిరంగులు, బ్రిగేడు మెషిన్ గన్లు అండగా కాల్పులు జరిపాయి. జోధ్‌పూర్‌వారు ఏకర్ రైలుపట్టాలు దాటి కిషోన్ వైపు దౌడు తీశారు. నది ఒడ్డున ముందు నడిచిన గుర్రాలు ఊబిలో దిగబడ్డాయి. ఆ క్షణంలో, ఎదురుగా కాల్పులు సాగుతుండగానే, దళం మొత్తం ఎడమకు మళ్లి కార్మెల్ కింది వాలు వైపు దూసుకుపోయింది. అక్కడున్న మెషిన్ గన్లను బల్లేలతో పట్టుకుంది. సందు తెరుచుకుంది. మిగిలిన రౌతులు అందులోంచి పట్టణంలోకి దూసుకుపోయారు, వెనుకనే మైసూరు లాన్సర్లలో మిగతావారు వచ్చారు. దళానికి నాయకత్వం వహించిన మేజర్ ఠాకూర్ దల్పత్ సింగ్ ఆ దాడిలోనే నేలకొరిగాడు.

బ్రిగేడు 1,350 మందిని బందీలుగా పట్టుకుంది. 17 ఫిరంగులు, 11 మెషిన్ గన్లు దొరికాయి. బ్రిగేడుకు కలిగిన నష్టం 8 మంది మృతులు, 34 మంది క్షతగాత్రులు అని చెబుతారు. గుర్రాలలో 60 చనిపోగా 83 గాయపడ్డాయి. ఈ చివరి అంకెను నేను తరగతిలో ఎప్పుడూ వదలను. మనుషుల లెక్కకూ గుర్రాల లెక్కకూ ఉన్న అంత తేడా ఆ దౌడు ఎలాంటిదో చెబుతుంది. తుపాకికి మొదట ఎదురైనది గుర్రం ఛాతీ.

దీపపు పరీక్ష

ఈ పద్ధతి మొత్తంలో నాకు అత్యంత ప్రీతికరమైన భాగం ఇది. సాయంత్రం చీకటిపడ్డాక, గది తలుపులు మూసి లేదా వరండాలో దీపాలు ఆర్పి, చిన్న టార్చిలైటును గట్టు మీద, పట్టణం పైనున్న ఫిరంగుల అగ్గిపుల్లల దగ్గర, నేలకు తగిలేంత కిందికి పెట్టి తూర్పు వైపు వెలిగించాలి. వెలుగు పడిన చోటల్లా ఆ ఫిరంగివాడి కంటికి కనిపించే చోటు. నీడ ఉన్న చోటు చాటు. పైకెగిరి వంపు తిరిగి దూరాన పడే గుండ్లను వదిలేస్తే, కంటికి కనిపించి కాల్చే ఆయుధాలన్నిటికీ ఈ లెక్క సరిపోతుంది. టార్చికి బదులు సెల్‌ఫోను దీపం వాడితే వెలుగు మరీ విశాలంగా చిమ్ముతుంది కనుక దానికి చిల్లు పెట్టిన నల్లకాగితం అంటించాలి.

మేము ఈ పరీక్ష చేసినప్పుడు కిషోన్ మైదానమంతా తెల్లగా వెలిగింది. దారి సగానికి పైగా వెలుగులోనే ఉంది. కొండ పాదాన్ని అంటుకుని మాత్రం రెండు వేళ్ల వెడల్పున ఒక నల్లని చార కనిపించింది. “సార్, ఇక్కడ చీకటిగా ఉంది, ఇటు వచ్చేస్తే పైవాడికి కనపడరు కదా” అని ఒక అమ్మాయి ఆ చార మీద వేలు పెట్టింది. ఆ వేలు ఉన్న దిక్కే జోధ్‌పూర్ రౌతులు ఊబి నుంచి ఎడమకు మళ్లిన దిక్కు. వారు చాటును లెక్కగట్టుకునే మళ్లారని నేను అనను. ఎదురుగా ఊబి ఉన్నందువల్ల మళ్లారు. అయినా ఆ మలుపు వారిని పై ఫిరంగుల చూపు నుంచి తప్పించే నేల మీదికి తెచ్చిందని ఆ నల్లచారను చూసినవారెవరికైనా అనిపిస్తుంది.

తరువాత దీపాన్ని కొండ పాదానికి, అక్కడి మెషిన్ గన్ల స్థానానికి మార్చాలి. ఆ నల్లచార ఒక్కసారిగా వెలుగైపోతుంది. పైవాడికి కనిపించని చోటును కాపలా కాయడానికే కింద తుపాకులు పెట్టారని అప్పుడు తెలుస్తుంది. పై ఫిరంగులు, కింది మెషిన్ గన్లు ఒకదాని చాటును మరొకటి మూసే జోడీ. అందుకే పైనా కిందా ఒకే వేళకు దాడి జరగవలసి వచ్చింది. చివరిగా రెండు దీపాలూ వెలిగించి, పైదాన్ని ఆర్పి, కిందిదాన్ని ఆర్పి, వరుస మార్చి చూపండి. మాటలతో చెప్పవలసినది చాలా తగ్గుతుంది. దౌడు తీసినవారి పేరు అందరి నోటా ఉంది, ఉండవలసిందే. అయితే పై దీపాన్ని ఆర్పినవారు మైసూరు స్క్వాడ్రన్‌వారు. కొండెక్కిన ఆ కొద్దిమంది గురించి మన రాతలలో ఒక వాక్యం కంటే ఎక్కువ కనిపించకపోవడం నాకు చాలా కాలంగా బాధగా ఉంది.

వేగం లెక్క కూడా ఇక్కడే వేయించవచ్చు. దౌడు తీసే గుర్రం గంటకు 25 నుంచి 30 కిలోమీటర్లు పోతుందనుకుంటే నమూనాలో 20 సెంటీమీటర్లు, అంటే నేల మీద 2 కిలోమీటర్లు, దాటడానికి నాలుగైదు నిమిషాలు. ఆ కాలపు మెషిన్ గన్ నిమిషానికి 400కు పైగా తూటాలు కాల్చగలదు. గుణకారం పిల్లలనే చేయనివ్వండి.

రాతలను సరిచూడడం

నేల తెలిసిన తరువాత వ్యాసాలు, ఉపన్యాసాలు, సెల్‌ఫోన్లలో తిరిగే సందేశాలు చదివితే ఏది నిలుస్తుందో ఏది నిలవదో మీకే తెలుస్తుంది. బల్లేలు తప్ప మరేమీ లేని రౌతులు మెషిన్ గన్లను ఓడించారని రాస్తారు. బి బ్యాటరీ, బ్రిగేడు మెషిన్ గన్లు వెనుక నుంచి కాల్చాయన్న సంగతి అందులో లేదు. ప్రపంచంలో ఇదే చివరి అశ్వదాడి అని కూడా రాస్తారు. అదే బ్రిగేడు, అదే జోధ్‌పూర్, మైసూరు లాన్సర్లు, నెల రోజులు దాటిన తరువాత 1918 అక్టోబరు 26న అలెప్పో దగ్గరి హరితాన్‌లో మళ్లీ దాడి చేశారు. 1942 ఆగస్టులో రష్యాలో ఇటలీ అశ్వదళం చేసిన దాడి కూడా ఉంది. హైఫా గొప్పదనానికి చివరిది అన్న బిరుదు అవసరం లేదు. మూడు విగ్రహాలు ఉన్నాయి కనుక హైఫా సందులో మూడు దళాలూ దౌడు తీశాయని అనుకోవడం కూడా పొరపాటే. హైదరాబాదు లాన్సర్లు ఆ బ్రిగేడులోనివారే, ఆ దండయాత్రలో పాల్గొన్నవారే. హైఫా మీది దాడి మాత్రం జోధ్‌పూర్, మైసూరు వారిది.

ఏ రాతనైనా చదివేటప్పుడు రాసినవాడు ఎటు నిలబడి చూస్తున్నాడో అడగాలి. మనకు దొరికే వివరాలలో ఎక్కువ భాగం బ్రిటిషు సైనికాధికారులు రాసినవి. తుర్కీ ఫిరంగివాడికి, పట్టణంలో తలుపులు మూసుకుని కూర్చున్న కుటుంబాలకు, ఆ రోజు ఎలా గడిచిందో అందులో చాలా తక్కువ. అందుకే చింతగింజల ఇళ్లను నమూనాలో పెట్టడం మానవద్దని చెబుతాను. అవి లేకపోతే పట్టణం ఒక గీతగా మిగిలిపోతుంది. మృతుల పేర్లు, సమాధుల వివరాలు కావలసినవారు కామన్వెల్త్ యుద్ధ సమాధుల కమిషన్ వారి జాబితాలలో వెదకవచ్చు. హైఫాలో భారతీయ సైనికుల శ్మశానవాటిక ఇప్పటికీ ఉంది. దల్పత్ సింగ్ స్మారకంగా 2017 జూలైలో అక్కడ ఒక ఫలకాన్ని భారత ప్రధాని ఆవిష్కరించారు.

ఓపిక ఉన్నవారు అదే నమూనా మీద తరువాతి కాలాన్ని కూడా నడపవచ్చు. ఇరాక్ చమురు గొట్టపుమార్గం 1930లలో హైఫాకు చేరింది, కిషోన్ పక్కన చమురుశుద్ధి కర్మాగారం వెలిసింది. దానికోసమే 1940లో ఇటలీ విమానాలు పట్టణం మీద బాంబులు వేశాయి. విమానం వచ్చాక గట్టు అడ్డుకోగలిగినది ఎంతో తక్కువ. అయినా 1942లో జర్మన్ సేనలు ఈజిప్టు దాటి వస్తాయన్న భయం కలిగినప్పుడు అక్కడి యూదు నాయకులు ఆఖరి రక్షణస్థానంగా మళ్లీ కార్మెల్ గట్టునే తలచుకున్నారు. 1948 ఏప్రిల్ 21, 22 తేదీలలో హగానా అనే యూదు సాయుధ సంస్థ దళాలు కొండ పైభాగపు పేటల నుంచి కిందనున్న అరబ్బు పేటల మీదికి దిగాయి. ఆ రోజుల్లో పట్టణంలోని అరబ్బు జనంలో అత్యధికులు ఇళ్లు విడిచి వెళ్లిపోయారు. చింతగింజలను ఎక్కడినుంచి ఎక్కడికి జరపాలో నిర్ణయించే ముందు ఈ భాగాన్ని పెద్దపిల్లలతో మాత్రమే, నిదానంగా చర్చించాలి.

నమూనాను దాచుకోవాలనుకుంటే రాత్రిపూట తడిపిన గోనెపట్టా కప్పి ఉంచండి, నాలుగు రోజులు చెక్కుచెదరకుండా నిలుస్తుంది. తీసేసే ముందు రెండు ఫోటోలు తప్పక తీసుకోవాలి. ఒకటి స్టూలు ఎక్కి నిట్టనిలువుగా పై నుంచి. రెండవది నేల మీద బోర్లా పడుకుని, ఫోనును తెల్లముగ్గు దారి మీద, కందుల వరుస వెనుక ఆనించి, గట్టు వైపు తిప్పి. రెండవ ఫోటోలో ఆ 6 సెంటీమీటర్ల ఇసుక ఆకాశంలో సగాన్ని కప్పేస్తుంది.